పేర్ల కాలమ్ ఒక్కటే కదిలింది: ఒక నామినల్ రోల్‌ని వెనక్కి తెచ్చిన కేసు

బుధవారం మధ్యాహ్నం రెండున్నరకి ఫోను వచ్చింది. మా తెనాలిలోనే ఒక ప్రైవేటు హైస్కూల్లో ఆఫీసు పని చూసే అమ్మాయి. ఆ స్కూలుకి కంప్యూటర్లు బిగించింది నేనే కాబట్టి ప్రింటరు మొరాయించినా, విండోస్ లేవకపోయినా నాకే ఫోను చేస్తారు. ఆ రోజు మాత్రం గొంతు వణుకుతోంది.

"సార్, పిల్లల పేర్లన్నీ మారిపోయాయి సార్. ఒకరి పేరు పక్కన ఇంకొకరి నాన్నగారి పేరు వస్తోంది."

"ఫైలు ఇప్పుడు తెరిచే ఉందామ్మా?"

"ఉంది సార్. ఒక్కొక్కటీ సరిచేస్తున్నా."

"ఇక ఆపండి. ఫైలు మూయొద్దు, కంప్యూటర్ ఆపొద్దు. యూపీఎస్ కీచుమంటే నాకు వెంటనే చెప్పండి. అక్కడి నుంచి లేచి కాసిని మంచినీళ్లు తాగండి. పావుగంటలో ఉంటా."

పదిహేడేళ్లుగా ఈ కంప్యూటర్ రిపేరు పని చేస్తున్నాను. ఫోన్లో మొదట చెప్పే మాట ఎప్పుడూ ఇదే. పొరపాటు వల్ల పోయినదానికంటే, ఆ పొరపాటుని కంగారుగా సరిచేయబోయి పోగొట్టుకున్నదే ఎక్కువగా చూశాను. డిలీటైన ఫోటోలు వెతకడానికి అదే ఫోన్లో నాలుగు రికవరీ యాప్‌లు ఎక్కించుకుని వస్తారు. పెన్‌డ్రైవ్‌లో ఫైళ్లు పోయాయని దాన్నే ఫార్మాట్ కొట్టి తెస్తారు. పాత రూపం ఎక్కడో ఒకచోట ఇంకా మిగిలే ఉంటుంది. దాని మీద కొత్తది రాయకుండా ఆగితే సగం పని అయినట్టే.

పోయిన ఫైలు పదో తరగతి నామినల్ రోల్. పబ్లిక్ పరీక్షకి పంపే పిల్లల వివరాల పట్టీ అది. 146 మంది పిల్లలు, 14 కాలమ్‌లు: వరుస సంఖ్య, అడ్మిషన్ నంబరు, విద్యార్థి పేరు, తండ్రి పేరు, తల్లి పేరు, పుట్టిన తేదీ, మాధ్యమం, మొదటి భాష లాంటివి, చివర్లో రెండు పుట్టుమచ్చలు. ఇందులో ఉన్నదే రేపు ఎస్సెస్సీ సర్టిఫికెట్ మీదకి ఎక్కుతుంది. పాస్‌పోర్టు దగ్గర్నుంచి ఉద్యోగం దాకా పుట్టిన తేదీకి రుజువుగా ఎక్కువమంది చూపించేది ఆ కాగితమే. అందులో అక్షరం తప్పు పడి, దాన్ని సరిచేయించుకోవడానికి ఏళ్ల తరబడి తిరిగిన తల్లిదండ్రులు నాకు తెలుసు. అందుకే ఈ కేసుని మామూలు ఎక్సెల్ రిపేరుగా చూడలేకపోయాను.

అసలు ఏం జరిగిందో ఆ అమ్మాయిని నెమ్మదిగా అడిగి తెలుసుకున్నాను. సోమవారం సాయంత్రం హెడ్మాస్టారు పేర్లు అక్షర క్రమంలో కావాలన్నారు. తను పేర్ల కాలమ్ మీది సీ అక్షరం నొక్కి కాలమంతా ఎంచుకుంది. ఏ టు జెడ్ బొమ్మ నొక్కింది. చిన్న పెట్టె ఒకటి వచ్చింది. అందులో రెండు వాక్యాలు. మొదటిది ఎక్స్‌పాండ్ ది సెలెక్షన్, రెండోది కంటిన్యూ విత్ ది కరెంట్ సెలెక్షన్. ఎక్సెల్ తనంతట తాను మొదటిదానికే చుక్క పెట్టి ఉంచుతుంది. తను దాన్ని మార్చి రెండోది పెట్టింది.

"నేను ఎంచుకున్నది పేర్లే కదా సార్, దాన్నే సార్ట్ చెయ్యమనాలి అనుకున్నా."

ఆ తర్కంలో తప్పేముంది? మనిషి భాషలో చదివితే ఎవరికైనా అలాగే అర్థమవుతుంది. ఎక్సెల్ లెక్కలో మాత్రం దానర్థం వేరు: పేర్ల కాలమ్ ఒక్కదాన్నే కదుపు, పక్కనున్న తండ్రి పేరు, పుట్టిన తేదీ అన్నీ ఉన్నచోటే ఉంచు. ఫలితం చూడ్డానికి చక్కగా ఉంది. పేర్లు వరసగా ఏతో మొదలై వైతో ముగిశాయి. ఆమె కంట్రోల్ ఎస్ కొట్టింది, ఫైలు మూసింది, సిస్టమ్ ఆపి ఇంటికెళ్లింది. ఈ తరహా పొరపాట్లకి నేను భయపడేది ఇందుకే. ఫైలు తెరుచుకోకపోతే అప్పుడే తెలుస్తుంది. ఇక్కడ తెర మీద అంతా పద్ధతిగా కనపడుతుంది. మంగళవారం డ్రాఫ్ట్ ప్రింటు తీసి పిల్లల చేత ఇళ్లకి పంపారు. బుధవారం పొద్దున ఒక తండ్రి వచ్చి, "మా పాప పేరు పక్కన ఈయనెవరండీ?" అని అడిగేదాకా ఎవరూ చూసుకోలేదు.

చేసినదాన్ని వెనక్కి తిప్పే కంట్రోల్ జెడ్, అంటే అన్‌డూ, ఫైలు మూశాక పని చెయ్యదు. అన్‌డూ చిట్టా ఆ కూర్చున్న కాసేపటిదే, ఫైలుతో పాటు హార్డ్‌డిస్కు మీదకి వెళ్లదు. అంటే సోమవారం నాటి సార్ట్‌ని నేరుగా వెనక్కి తిప్పే దారి అప్పటికే మూసుకుపోయింది. అయితే బుధవారం పొద్దున తను చేసిన మార్పులకి దారి ఇంకా ఉంది. జ్ఞాపకం మీద ఆరుగురి పేర్లు పాత పేర్ల మీదే కొట్టేసింది. మధ్యలో ఒకసారి సేవ్ కూడా చేసింది. సేవ్ చేస్తే ఇక వెనక్కి పోలేమని చాలామంది అనుకుంటారు. ఎక్సెల్ 2007 నుంచీ అలా లేదు. ఫైలు తెరిచి ఉన్నంతసేపు, సేవ్‌కి ముందు చేసినవి కూడా వెనక్కి వస్తాయి, వంద అడుగుల దాకా. మూయొద్దని ఫోన్లో అంత గట్టిగా చెప్పింది ఇందుకే.

వెళ్లగానే ముందు ఫైలు ఉన్నదున్నట్టు నా పెన్‌డ్రైవ్‌లోకి ఒక కాపీ తీసుకున్నాను. ఎంత పాడైనా సరే, పాడైన రూపం కూడా ఒకటి దాచాలి.

తర్వాత అన్‌డూ బాణం పక్కనున్న చిన్న గుర్తు నొక్కి చిట్టా తెరిచాను. అక్కడ ఆగాల్సి వచ్చింది. ఆరు పేర్లే ఉండాలి, పన్నెండు అడుగులు కనపడ్డాయి. కింద టాస్క్‌బార్‌లో ఇంకో ఎక్సెల్ ఫైలు తెరిచి ఉంది, ఫీజుల రిజిస్టరు. ఈ మధ్యలో ఎవరో ఫీజు కట్టడానికి వస్తే రెండు రసీదులు ఎక్కించింది. రసీదు నంబరు, పేరు, మొత్తం, ఒక్కోదానికి మూడేసి గడులు. ఎక్సెల్‌లో ఒకేసారి తెరిచిన ఫైళ్లన్నిటికీ అన్‌డూ చిట్టా ఒకటే. నామినల్ రోల్‌లో ఉన్నాం కదా అని కంట్రోల్ జెడ్ కొట్టుకుంటూ పోతే ఫీజుల రిజిస్టర్లో రెండు రసీదులు ఎగిరిపోతాయి. ఇది తెలియక ఒక కొట్టులో స్టాకు లెక్క సరిచేస్తూ అమ్మకాల లెక్క పోగొట్టుకున్న కేసు నేనే చూశాను. ఆ రెండు రసీదులూ కాగితం మీద రాయించి, అప్పుడు పన్నెండు అడుగులూ వెనక్కి వచ్చాను. తర్వాత వాటిని మళ్లీ ఎక్కించాం.

ఇప్పుడు పేర్ల కాలమ్ పైనుంచి కిందదాకా అక్షర క్రమంలో ఉంది, ఎక్కడా తెగలేదు. జ్ఞాపకం మీద కొట్టిన పేరు ఒక్కటి మిగిలినా ఆ క్రమం విరిగేది. అంటే 146 పేర్లూ క్షేమంగా ఉన్నాయి, కాకపోతే ఎవరి వరుసలో వాళ్లు లేరు. మిగతా 13 కాలమ్‌లు అసలు కదల్లేదు. అడ్మిషన్ నంబరు, తండ్రి పేరు, తేదీ, పుట్టుమచ్చలు ఒకదానికొకటి సరిగ్గానే ఉన్నాయి. చెయ్యాల్సిందల్లా ఏ అడ్మిషన్ నంబరుది ఏ పేరో తెలుసుకోవడమే. అందుకు సోమవారానికి ముందు కాపీ ఒకటి కావాలి.

దాని కోసం వెతుకులాట. రీసైకిల్ బిన్‌లో చూడమని హెడ్మాస్టారు అన్నారు. అక్కడికి చేరేది డిలీట్ చేసిన ఫైలే, పాతదాని మీద కొత్తది సేవ్ అయితే పాతది బిన్‌కి వెళ్లదు. ఫైలు మీద రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లో పాత రూపాలు చూపించే ప్రీవియస్ వెర్షన్స్ చూశాను. ఖాళీ. ఫైలు డీ డ్రైవ్‌లో ఉంది, దానికి ఆ రక్షణ ఎవరూ పెట్టలేదు. బిగించింది నేనే కాబట్టి ఆ లోటు నాదే, అక్కడే హెడ్మాస్టారికి ఒప్పుకున్నాను. ఫైళ్లని ఆన్‌లైన్‌లో దాచే వన్‌డ్రైవ్ వాడటం లేదు. ఎక్సెల్ తనంతట తాను దాచుకునే ఆటోరికవర్ కాపీ ఉంటుందేమో అని అడిగింది ఆ అమ్మాయి. అది కరెంటు పోయినప్పుడో, ప్రోగ్రాం కుప్పకూలినప్పుడో పనికొస్తుంది. మనంతట మనం సేవ్ చేసి మూస్తే తన పని అయిపోయిందని అదే తుడిచేసుకుంటుంది.

కంప్యూటర్లో దారులు అయిపోయాయి. "ఈ ఫైలు ఎవరికైనా పంపారా అమ్మా, ఎప్పుడైనా?" అని అడిగాను. నా అనుభవంలో ఎక్కువ ఫైళ్లని బతికించిన ప్రశ్న ఇది. మూడు వారాల కిందట వాట్సాప్‌లో హెడ్మాస్టారికి పంపిందట. ఆయన ఫోన్ నిండిపోయిందని చాట్ మొత్తం తుడిచేశారు. ఆ అమ్మాయి ఫోన్లో ఆ మెసేజ్ ఉంది గానీ, పంపింది కంప్యూటర్ నుంచి, నొక్కితే ఫైలు దిగలేదు. అయితే హెడ్మాస్టారు అదే రోజు దాన్ని పదో తరగతి క్లాస్ టీచరుకి ఫార్వర్డ్ చేశారు. ఆ టీచరు ఆ రోజే తెరిచి చూశారు. ఫోన్లో తెరిచారంటే ఫోన్లోకి దిగినట్టే. క్లాసు మధ్యలోంచి ఆయన్ని పిలిపించాం. వాట్సాప్ డాక్యుమెంట్స్ ఫోల్డర్లో ఉంది, చెక్కుచెదరకుండా. ఆ అమ్మాయి అప్పటికిగానీ కుర్చీలో వెనక్కి వాలలేదు.

అది మూడు వారాల పాతది. అందులో 139 మందే. దాన్నే తెచ్చి అసలు ఫైలు స్థానంలో పెట్టేస్తే ఈ మూడు వారాల పని పోతుంది. ఆ మధ్యలో కొత్తగా ఎక్కించినవాళ్లు ఉన్నారు, టీసీ తీసుకుని వెళ్లిపోయిన కుర్రాడొకడు ఉన్నాడు, పేరు స్పెల్లింగు సరిచేసినవాళ్లున్నారు. అందుకని పాత ఫైలుని సాక్షిగా మాత్రమే వాడుకున్నాను.

ఇప్పటి ఫైలులో ఖాళీ కాలమ్ ఒకటి తీసుకుని, ప్రతి అడ్మిషన్ నంబరుకీ పాత ఫైలులో ఉన్న పేరు తెమ్మని వీలుకప్ అనే ఫార్ములా రాశాను. మొదటిసారి 31 చోట్ల దొరకలేదని వచ్చింది. అంత మంది కొత్తవాళ్లు ఉండరు. పాత ఫైలులో కొన్ని అడ్మిషన్ నంబర్ల గడుల మూల ఆకుపచ్చ త్రికోణం ఉంది. ఆ నంబర్లు అంకెల్లా కాకుండా అక్షరాల్లా నిల్వ అయ్యాయని దానర్థం. కంటికి రెండూ ఒకటే, ఎక్సెల్‌కి వేర్వేరు. వాటిని అంకెలుగా మార్చాక 8 మిగిలాయి. ఆ 8 మందీ కొత్తగా ఎక్కినవాళ్లు. మిగతా 138 మందికి పేర్లు వచ్చేశాయి. పాత 139లో తేడా వచ్చిన ఒక్కడూ టీసీ తీసుకున్న కుర్రాడు.

స్పెల్లింగులు మిగిలాయి. ఇప్పటి పేర్లలో పాత ఫైలులో లేనివి ఎన్నో, పాత పేర్లలో ఇప్పుడు లేనివి ఎన్నో కౌంట్‌ఇఫ్ అనే లెక్కింపు ఫార్ములాతో తీశాను. పాతవాటిలో ఇప్పుడు లేనివి 5. ఒకటి టీసీ కుర్రాడిది, మిగతా 4 స్పెల్లింగు మారినవి. కాబట్టి ఇప్పటివాటిలో పాత ఫైలులో లేనివి 8 కొత్తవి, 4 మారినవి కలిపి 12 రావాలి. 11 వచ్చాయి.

ఆ ఒక్కటి కోసం నలభై నిమిషాలు పట్టింది. ఒకటే కదా, రిజిస్టర్లో చూసుకుందాం అని హెడ్మాస్టారు అన్నారు. నాకు మనసొప్పలేదు. లెక్క ఒకటి తేడా వస్తోందంటే నేను అనుకుంటున్నదాంట్లోనే ఏదో పొరపాటు ఉన్నట్టు, ఆ పొరపాటు ఇంకెక్కడ ముట్టుకుందో తెలీదు. చివరికి ప్రతి పేరూ పాత ఫైలులో ఎన్నిసార్లుందో, ఇప్పుడు ఎన్నిసార్లుందో పక్కపక్కన పెట్టి చూశాను. ఇంటి పేరుతో సహా ఒకే పేరున్న పిల్లలు పాత ఫైలులో ఇద్దరు, ఇప్పుడు ముగ్గురు. కొత్తగా చేరిన పిల్లల్లో ఒకరి పేరు అచ్చంగా పాతవాళ్ల పేరే. అందుకే కౌంట్‌ఇఫ్ ఆ పేరు పాతదే అనుకుంది. 12 తేలింది.

ఆ పన్నెండు పేర్లనీ అడ్మిషన్ రిజిస్టరు తెరిచి చేత్తో పెట్టాం. ఫార్ములాలని తీసేసి, పేస్ట్ స్పెషల్‌లో వాల్యూస్‌గా, అంటే ఉత్త పేర్లుగా, పేర్ల కాలమ్‌లో అతికించాను. అది చెయ్యకపోతే పాత ఫైలు లేని కంప్యూటర్లో తెరిచిన రోజు మళ్లీ గొడవ. తర్వాత క్లాస్ టీచరు రిజిస్టరు చదువుతుంటే ఆ అమ్మాయి తెర మీద వేలు పెట్టి చూసుకుంది. 146 మంది. అడ్మిషన్ నంబరు, పేరు, తండ్రి పేరు, తేదీ. బడి వదిలేశాక కూడా ఇద్దరూ కదల్లేదు. ఏడింటికి అయింది.

ఇదే ఫైలు గూగుల్ షీట్స్‌లో ఉండి ఉంటే ఇంత దూరం వచ్చేది కాదు. వెర్షన్ హిస్టరీ తెరిచి, సోమవారం సాయంత్రం ఐదింటికి ముందు రూపం చూసుకుని, పేర్ల కాలమ్ అక్కణ్నించి తెచ్చుకునేవాళ్లం. ఒక్కో గడి ఎవరు ఎప్పుడు మార్చారో కూడా అందులో కనపడుతుంది. కానీ పిల్లల వివరాలున్న ఫైలుని ఆన్‌లైన్‌లో పెట్టేముందు ఎవరెవరు చూడొచ్చు, ఎవరు మార్చొచ్చు అనేది స్కూలు వాళ్లు కూర్చుని తేల్చుకోవాలి. లింకు ఉన్నవాళ్లెవరైనా మార్చొచ్చు అని వదిలేస్తే అది ఇంతకంటే పెద్ద ప్రమాదం.

కొట్టుకి వచ్చేవాళ్లలో చాలామంది వెనక్కి తేవడం అంటే ఒకే మీట అనుకుంటారు. దేని దారి దానిది, దేని గడువు దానిది. వాట్సాప్‌లో అందరికీ బదులు మన ఒక్కరికే డిలీట్ కొడితే, కింద అన్‌డూ అని ఐదు సెకన్లు కనపడుతుంది. జీమెయిల్‌లో పంపిన ఉత్తరం వెనక్కి లాగడానికి మామూలుగా ఐదు సెకన్లే. సెట్టింగ్స్‌లోకి వెళ్లి ముప్పై చేసుకోవచ్చు, ఈ ఒక్క పని చదువుతున్నవాళ్లు ఇప్పుడే చేసుకుంటే మంచిది. గూగుల్ ఫోటోస్‌లో బ్యాకప్ అయిన ఫోటో ట్రాష్‌లో 60 రోజులుంటుంది, బ్యాకప్ కానిది 30 రోజులే. పెన్‌డ్రైవ్‌లో డిలీట్ చేసింది రీసైకిల్ బిన్‌కి రాదు. పాత హార్డ్‌డిస్కులో పోయినది తవ్వి తీయొచ్చు గానీ, ఎస్‌ఎస్‌డీలో ట్రిమ్ అనే పని వెనకాల జరిగిపోయి ఖాళీ చేసేస్తుంది, అక్కడ ఆలస్యమైతే ఇక ఆశ పెట్టుకోవడం కష్టం.

మా ఊరి ప్రెస్సుల్లో ఇప్పటికీ పేజీలు కూర్చే పేజ్‌మేకర్ ప్రోగ్రాం, తెలుగు అక్షరాలకి అను ఫాంట్లు నడుస్తున్నాయి. పేజ్‌మేకర్ చివరి వెర్షన్ 7 వచ్చింది 2001లో. అందులో అన్‌డూ ఒక్క అడుగే. శుభలేఖ మొత్తం చెదిరాక కంట్రోల్ జెడ్ కొడితే చివరి చిన్న కదలిక ఒక్కటే వెనక్కి వస్తుంది. అక్కడి కుర్రాళ్లకి నేను నేర్పేది, షిఫ్ట్ పట్టుకుని ఫైల్ మెనూలో రివర్ట్ నొక్కడం. పేజీ మార్చినప్పుడల్లా ఆ ప్రోగ్రాం లోలోపల చిన్న సేవ్ ఒకటి చేసుకుంటుంది, షిఫ్ట్‌తో రివర్ట్ కొడితే అక్కడికి వెళ్తుంది. షిఫ్ట్ లేకుండా కొడితే మనం చివరిసారి సేవ్ చేసినదాకా పోతుంది, మధ్యలో చేసిందంతా హరించుకుపోతుంది. పెళ్లిళ్ల సీజన్లో ఆ ఒక్క షిఫ్ట్ తేడాకి రాత్రంతా మళ్లీ కూర్చున్నవాళ్లున్నారు.

స్కూలు విషయానికొస్తే, మర్నాడు వెళ్లి మూడు మార్పులు చేశాను. ఆ పట్టీని కంట్రోల్ టీ కొట్టి టేబుల్‌గా మార్చాను. టేబుల్‌లో ఏ కాలమ్ పట్టి సార్ట్ చేసినా వరుస మొత్తం కలిసే కదులుతుంది, ఆ చిన్న పెట్టె అడగడమే ఉండదు. సేవ్ యాజ్‌లో టూల్స్, అందులో జనరల్ ఆప్షన్స్, అక్కడ ఆల్వేస్ క్రియేట్ బ్యాకప్ దగ్గర టిక్కు పెట్టాను. సేవ్ చేసిన ప్రతిసారీ అంతకు ముందు రూపం ఎక్స్‌ఎల్‌కే అనే ఫైలుగా పక్కన పడుతుంది. అది ఒక్క మెట్టే. రెండుసార్లు సేవ్ చేస్తే అందులోకీ తప్పే వస్తుంది. అందుకని రోజూ సాయంత్రం వెళ్లేముందు ఫైలు పేరు చివర తేదీ పెట్టి కాపీ ఒకటి వేరే డ్రైవ్‌లో పెట్టమని చెప్పాను. డీ డ్రైవ్‌కి పాత రూపాలు దాచే ఫైల్ హిస్టరీ కూడా పెట్టాను, మొదట్లోనే పెట్టాల్సింది. నా పెన్‌డ్రైవ్‌లో ఉన్న కాపీని ఆ అమ్మాయి చూస్తుండగానే తుడిచేశాను. అందులో పిల్లల పుట్టిన తేదీలున్నాయి.

ఇంకొక పని తనే చేసింది, నేను చెప్పలేదు. పది వరుసలున్న ఉత్తుత్తి ఫైలు ఒకటి తయారుచేసుకుని అందులో మళ్లీ అదే కాలమ్ ఎంచుకుంది, ఏ టు జెడ్ నొక్కింది, ఆ పెట్టె రాగానే రెండోది పెట్టి చూసింది. కంట్రోల్ జెడ్ కొట్టింది. ఈసారి మొదటిది పెట్టి చూసింది. సేవ్ చేసి కంట్రోల్ జెడ్ కొట్టింది, వచ్చింది. మూసి తెరిచి కొట్టింది, రాలేదు. "ఇప్పుడు తెలిసింది సార్," అంది.

వారం తర్వాత తల్లిదండ్రుల్ని పిలిచి కొత్త ప్రింటు మీద సంతకాలు చేయించారు. నన్ను కూడా ఉండమన్నారు, ఉన్నాను. మొదట గుర్తుపట్టిన ఆ తండ్రి తన పాప వరుస మీద వేలు పెట్టి పేరు, తన పేరు, భార్య పేరు, తేదీ, పుట్టుమచ్చలు రెండుసార్లు చదువుకుని సంతకం పెట్టారు. 146 వరుసల్లో ఒక్క తప్పు దొరికింది, ఒక తల్లి పేరులో అక్షరం. రిజిస్టరు తీసి చూస్తే చేరినప్పటి దరఖాస్తులోనే అలా ఉంది. ఆ అమ్మాయి ఫైలు తెరిచి, దిద్ది, ఆ తల్లికి తెర మీద చూపించి, ఆమె సరేనన్నాక సేవ్ కొట్టింది.